కొంగలు నేర్పిన చదువు... లిలియంతాల్ రెక్కల కథ

చెన్నై:
తడ దాటి సూళ్లూరుపేట వైపు రాకపోకలు సాగించేవారికి శీతాకాలంలో ఈ దృశ్యం కొత్తేమీ కాదు. పొద్దు బాగా ఎక్కాక నేలపట్టు చెరువు మీద, పులికాట్ సరస్సు మీద గూడబాతులు, కొంగలు ఆకాశంలో గుండ్రంగా తిరుగుతుంటాయి. రెక్క ఆడించవు. అయినా కిందికి దిగవు సరికదా, చుట్టు చుట్టుకీ ఇంకాస్త పైకి పోతుంటాయి. అది ఎలా సాధ్యం? మనం ఓ నిమిషం తలెత్తి చూస్తాం, బస్సు రాగానే ఎక్కేస్తాం. అంతే!

జర్మనీలో ఒకాయన మాత్రం ఆ ప్రశ్నను వదల్లేదు. పదమూడు పద్నాలుగేళ్ల వయసులో పట్టుకున్న ప్రశ్నను నలభై ఎనిమిదో ఏట చనిపోయే దాకా పట్టుకునే ఉన్నాడు. ఆయన పేరు ఒట్టో లిలియంతాల్. ఇంజిను లేని రెక్కలు కట్టుకుని కొండ మీంచి గాలిలోకి దూకి, క్షేమంగా కాళ్ల మీద నిలబడి, మళ్లీ కొండెక్కి మళ్లీ దూకిన మనిషి. ఇలా ఒకసారి కాదు, పదిసార్లు కాదు... సుమారు 2000 సార్లు! విమానం అనగానే మనకు రైట్ సోదరులు గుర్తుకొస్తారు. ఆ సోదరులు తమ పనికి ప్రేరణగా చెప్పుకున్న మొదటి పేరు మాత్రం లిలియంతాల్‌దే. 1896 ఆగస్టు 10న ఆయన కన్నుమూశారు.

రాత్రిపూట రహస్యంగా...

బాల్టిక్ సముద్రానికి దగ్గర్లో అంక్లాం అనే చిన్న ఊరు. అక్కడ 1848 మే 23న ఒట్టో పుట్టారు. తండ్రి బట్టల వర్తకుడు. తల్లికి సంగీతం అంటే ప్రాణం. ఎనిమిది మంది పిల్లలు పుడితే బతికి బట్టకట్టింది ముగ్గురే. ఒట్టో, ఏడాది చిన్నవాడైన తమ్ముడు గుస్తావ్, చెల్లెలు మేరీ. వ్యాపారం కలిసిరాక కుటుంబం అమెరికా వెళ్లిపోదామనుకుంటున్న సమయంలో, 1861లో, తండ్రి చనిపోయాడు. ప్రయాణం ఆగిపోయింది. ముగ్గురు పిల్లల భారమూ తల్లి మీద పడింది. ఆమె దుకాణం నడిపి వాళ్లను చదివించింది.

ఆ ఊరి చుట్టూ పచ్చిక బయళ్లు. వాటి నిండా తెల్ల కొంగలు. అన్నదమ్ములిద్దరికీ అవే కాలక్షేపం. కొంగ ఎగరబోయే ముందు గాలి ఎటు నుంచి వస్తోందో చూసుకుని, దానికి ఎదురుగానే నాలుగడుగులు పరుగెత్తి లేస్తుందని వాళ్లు గమనించారు. గాలితో పాటు పోతే సులువు కదా, ఎదురెందుకు వెళుతుంది? ఈ చిన్న సందేహమే తర్వాత పెద్ద చదువైంది.

పద్నాలుగేళ్లు రాకముందే పలుచని చెక్క పట్టీలతో రెక్కలు తయారు చేసి చేతులకు కట్టుకున్నారు. తోటి పిల్లలు చూస్తే ఎగతాళి చేస్తారని, రాత్రి చీకట్లో ఊరి బయట మైదానానికి పోయి, మిట్ట మీంచి పరుగెత్తుకుంటూ దిగేవారు. గాలి లేని రాత్రులు కావడంతో రెక్కలు పనిచేయలేదు. ఒక్క అంగుళం కూడా పైకి లేవలేదు. అయినా ఆ పిల్లలు నిరుత్సాహపడలేదు.

బాయిలర్ల ఇంజినీరు

పదహారో ఏట ఒట్టో పోట్స్‌డాంలోని సాంకేతిక పాఠశాలలో చేరి చక్కటి మార్కులతో బయటికొచ్చారు. ఆపైన బెర్లిన్‌లో ఒక యంత్రాల కార్ఖానాలో పని నేర్చుకుని, అక్కడి సాంకేతిక అకాడమీలో ఇంజినీరింగ్ చదివారు. 1870లో ఫ్రాన్స్‌తో యుద్ధం వస్తే సైన్యంలో చేరి వెళ్లివచ్చారు. తిరిగి రాగానే మళ్లీ గాలి, మళ్లీ రెక్కలు.

అయితే రెక్కలు కూడు పెట్టవు కదా! పొట్టకూటికి ఆయన నమ్ముకున్నది ఆవిరి యంత్రాలను. పేలిపోయే ప్రమాదం తక్కువగా ఉండే, మెలికలు తిరిగిన గొట్టాల బాయిలరును రూపొందించి, 1883లో బెర్లిన్‌లో సొంత కార్ఖానా పెట్టారు. చిన్న చిన్న వర్క్‌షాపులవాళ్లు కూడా కొనుక్కోగలిగిన యంత్రాలవి. వ్యాపారం బాగానే నడిచింది. 1890లో కార్మికులకు లాభాల్లో నాలుగో వంతు పంచే పద్ధతి పెట్టారు. ఆ రోజుల్లో యజమానులెవరూ ఊహించని మాట అది.

1878లో ఆగ్నెస్ ఫిషర్‌ను పెళ్లాడారు. నలుగురు పిల్లలు. ఇంట్లో పాటలు, సంగీతం. నాటకాలంటే ఒట్టోకి వల్లమాలిన ఇష్టం. పేదలు కూడా చూడగలిగేలా చౌక టిక్కెట్లతో నడిచే బెర్లిన్ నాటకశాల ఒకదానికి ఆయన భాగస్వామి అయ్యారు. తానే ఒక నాటకం రాశారు కూడా. పిల్లలు ఇళ్లు కట్టి ఆడుకునే రాతి దిమ్మల బొమ్మలను అన్నదమ్ములిద్దరూ కలిసి తయారు చేస్తే, ఆ హక్కు కొనుక్కున్న వ్యాపారి కోటీశ్వరుడయ్యాడు. వీళ్లకు మిగిలింది స్వల్పం. అంటే ఇంట్లో డబ్బు మూలుగుతుంటే సరదాకి ఎగిరిన జమీందారు కాదాయన. పగలు కార్ఖానా, మధ్యలో కుటుంబం, ఆదివారాలు కొండ. ఇదీ ఆయన బతుకు.

గాలిని తూకం వేశారు

అప్పటికి ఎగరాలని ప్రయత్నించినవాళ్లు చాలామందే ఉన్నారు. ఒకరు గోపురం మీంచి దూకి కాలు విరగ్గొట్టుకుంటే, ఇంకొకరు భారీ ఆవిరి ఇంజిను బిగించి అడుగు కూడా కదల్లేకపోయారు. బెలూన్ల సంగతి వేరు. అవి గాలి కంటే తేలిక కాబట్టి తేలతాయి. మరి గాలి కంటే బరువైన వస్తువును గాలే ఎలా మోస్తుంది? దీనికి లెక్క ఉండాలి కదా అన్నది లిలియంతాల్ పట్టుదల.

తమ్ముడితో కలిసి ఆయన ఒక గానుగలాంటి పరికరం చేశారు. మధ్యలో నిలువు కడ్డీ, దానికి పొడవాటి చేయి, చేయి చివర చిన్న రెక్క. బరువులు కిందికి జారుతుంటే చేయి గుండ్రంగా తిరుగుతుంది. రెక్కను ఏ వాలులో పెడితే గాలి ఎంత బలంతో పైకి ఎత్తుతోంది, ఎంత బలంతో వెనక్కి లాగుతోంది అన్నది కొలిచారు. బల్లపరుపు రెక్క కంటే కాస్త వంపు తిరిగిన రెక్కను గాలి చాలా ఎక్కువగా ఎత్తుతుందని తేలింది. కొంగ రెక్కను అడ్డంగా కోసి చూస్తే కనిపించేది ఆ వంపే! ప్రకృతి ఊరికే వంచలేదన్నమాట.

ఏళ్ల తరబడి తీసిన ఆ కొలతలన్నీ చేర్చి, పక్షులు ఎగిరే తీరే మనిషి ఎగరడానికి పునాది అంటూ 1889లో పుస్తకం అచ్చు వేయించారు. అందులో పట్టికలున్నాయి, గీతలున్నాయి, కొంగ బొమ్మలున్నాయి. విమాన శాస్త్రానికి అది తొలి వాచకాల్లో ఒకటి. రెక్క బలాన్ని గీతగా చూపించే పద్ధతిని ఇప్పటికీ ఇంజినీరింగ్ విద్యార్థులు వాడుతూనే ఉన్నారు.

బల్ల మీంచి కొండ దాకా

పుస్తకం రాసి ఊరుకుంటే ఆయన పేరు శాస్త్రవేత్తల జాబితాలో చివర ఎక్కడో ఉండేది. అసలు పని ఆ తర్వాతే మొదలైంది. ఈత గురించి ఎన్ని పుస్తకాలు చదివినా నీళ్లలో దిగనిదే ఈత రాదు. గాలి కూడా అంతే అనుకున్నారు. అయితే మొదటి రోజే నడిబావిలో దూకలేదు. అక్కడే ఉంది ఆయన గొప్పతనం.

మొదట ఇంటి పెరట్లో మీటరు ఎత్తు బల్ల వేసుకున్నారు. రెక్కలు తగిలించుకుని దాని మీంచి దూకడం. అది అలవాటయ్యాక బల్లను రెండు మీటర్లకు పెంచారు. గాలి రెక్కను ఎటు తోస్తోంది, ఒంటిని ఎటు వంచితే సర్దుకుంటోంది అని చూసుకోవడం. 1891లో పోట్స్‌డాం దగ్గరి డెర్విట్జ్ గ్రామం పక్కనున్న మిట్టకు మారారు. అక్కడ 25 మీటర్ల దూరం దాకా గాలిలో సాగగలిగారు. 1893లో బెర్లిన్ శివార్లలో ఒక దిబ్బ మీద షెడ్డు కట్టి, దాని కప్పు మీంచి దూకారు. అదే ఏడాది రైనో కొండలకు వెళ్లారు. అక్కడ 250 మీటర్ల దాకా ఎగిరారు.

కొండలు ఊరికి దూరం. రోజూ సాయంత్రం సాధన చేయాలంటే కుదరదు. అందుకని 1894లో ఇంటికి దగ్గర్లోనే, లిష్టర్‌ఫెల్డ్‌లో, ఇటుకల కార్ఖానావాళ్లు తవ్విపోసిన మట్టితో 15 మీటర్ల ఎత్తున ఒక దిబ్బ పోయించారు. అంటే సుమారు 50 అడుగులు. మన పరంగిమలై సుమారు 300 అడుగులు. అందులో ఆరో వంతు అనుకోండి. దిబ్బను గుండ్రంగా, ఇసుక పోసినట్టు అన్ని వైపులా వాలుగా చేయించారు. గాలి ఎటు నుంచి వీస్తే అటే తిరిగి దూకొచ్చు! కొంగ నేర్పిన పాఠం మర్చిపోలేదన్నమాట. దిబ్బ పైన చిన్న గది. రెక్కలు భద్రపరచుకోవడానికి.

ఎదురుగాలి ఎందుకు?

ఇక్కడ కాస్త ఆగి, గ్లైడర్ ఎలా ఎగురుతుందో చూద్దాం. రెక్క మీదుగా గాలి వేగంగా పారితేనే పైకి ఎత్తే బలం పుడుతుంది. ఇంజిను లేదు కాబట్టి ఆ వేగం రెండే విధాలుగా రావాలి. ఒకటి, మనం పరుగెత్తాలి. రెండు, గాలి మనకు ఎదురుగా రావాలి. రెండూ కలిస్తే నాలుగడుగుల్లోనే రెక్క బరువును మోసేస్తుంది. గాలి వెనక నుంచి వస్తే ఎంత పరుగెత్తినా చాలదు. మెరీనాలో గాలిపటం ఎగరేసే పిల్లాడికి కూడా ఈ సంగతి తెలుసు.

నేల వదిలాక గ్లైడర్ కొద్దికొద్దిగా కిందికి జారుతూనే ఉంటుంది. ఆ జారడమే దానికి ఇంజిను. లిలియంతాల్ రెక్కలు మీటరు దిగేలోపు మూడు నాలుగు మీటర్లు ముందుకు పోయేవి. ఇప్పటి మేలురకం గ్లైడర్లు మీటరు దిగేలోపు 50 మీటర్లకు పైగా సాగుతాయి. మరి దిగకుండా పైకి పోవడం ఎలా? ఎండకు కాగిన నేల మీంచి వేడిగాలి స్తంభంలా పైకి లేస్తుంది. ఆ స్తంభంలో గుండ్రంగా తిరుగుతూ ఉంటే గాలే పైకి మోసుకుపోతుంది. నేలపట్టు గూడబాతులు చేసే పని అదే. ఇప్పటి గ్లైడర్ పైలట్లు గద్దలు ఎక్కడ తిరుగుతున్నాయో చూసుకుని అటు వెళతారు. లిలియంతాల్ చివరి రోజుల దాకా అందుకోవాలని ఆశపడింది ఆ విద్యనే.

ఆయన రెక్కల చట్రం విల్లో కర్రతో చేసింది. క్రికెట్ బ్యాట్లు చేసే చెట్టు జాతే. దాని మీద బిగుతుగా నేత బట్ట. 1894లో తయారైన ముఖ్యమైన గ్లైడర్ బరువు 20 కిలోలు. రెక్కల పొడవు ఈ చివర నుంచి ఆ చివరకు 6.7 మీటర్లు. గొడుగులా మడిచి మోసుకుపోవచ్చు. అందులో కూర్చోవడానికి పీట లేదు. రెండు చేతులూ మోచేతుల దాకా చట్రంలో దూర్చి పట్టుకోవాలి. నడుము కింద భాగం గాలిలో వేలాడుతుంటుంది.

తిప్పడానికి చుక్కాని లాంటిదేమీ లేదు. ఒళ్లే చుక్కాని! ఎడమ రెక్క పైకి లేస్తే కాళ్లను ఎడమకే ఊపాలి. బరువు అటు పడి రెక్క దిగుతుంది. ముందు భాగం పైకి లేస్తే కాళ్లను ముందుకు విసరాలి. ఇదంతా ఆలోచించి చేయడానికి టైము ఉండదు. సైకిలు తొక్కేవాడు పడిపోకుండా ఒళ్లు వంచినట్టు దానంతట అదే రావాలి. దిగేటప్పుడు ఇంకో కిటుకు. నేల దగ్గర పడగానే ఒంటిని వెనక్కి వాల్చి రెక్కల ముందు భాగాన్ని పైకెత్తాలి. వేగం చచ్చిపోయి మెల్లగా కాళ్ల మీద నిలబడతాం. కొంగ చెరువు గట్టున వాలేది అచ్చం ఇలాగే.

రెండు వేల ఎగురుళ్లకూ కలిపి ఆయన గాలిలో గడిపిన సమయం సుమారు 5 గంటలే. అంటే సగటున ఒక్కోటి తొమ్మిది సెకన్లు! తొమ్మిది సెకన్ల కోసం 20 కిలోల రెక్కలు మోసుకుంటూ కొండెక్కాలి. మళ్లీ దిగాలి. మళ్లీ ఎక్కాలి. అదీ ఆదివారం సెలవు రోజున.

దాచుకోలేదు

మరొకరైతే ఇంత కష్టపడి నేర్చుకున్న విద్యను పెట్టెలో పెట్టి తాళం వేసేవారు. లిలియంతాల్ అలా చేయలేదు. పేటెంటు తీసుకున్నారు నిజమే. కానీ ఏ రోజు ఏ రెక్కతో ఏం జరిగిందో పత్రికల్లో వ్యాసాలుగా రాస్తూ వచ్చారు. పడిన దెబ్బల గురించి కూడా రాశారు. ఒట్టోమార్ అన్షుట్జ్ లాంటి పేరున్న ఫొటోగ్రాఫర్లు వచ్చి ఆయన గాలిలో ఉండగా ఫొటోలు తీశారు. మనిషి నిజంగా నేల వదిలి తేలుతున్న ఆ బొమ్మలు దేశదేశాల పత్రికల్లో అచ్చయ్యాయి. అప్పటి దాకా ఎగరడం అంటే పిచ్చివాళ్ల పని అని నవ్వినవాళ్లు నోళ్లు మూసుకున్నారు.

అంతేకాదు, అడిగినవాళ్లకు గ్లైడర్లు తయారు చేసి అమ్మారు. ధర 500 మార్కులు. కనీసం తొమ్మిది అమ్ముడుపోయాయి. కొన్నవాళ్లలో రష్యా శాస్త్రవేత్త జుకోవ్‌స్కీ, అమెరికా పత్రికాధిపతి హర్‌స్ట్, బ్రిటన్ యువ ఇంజినీరు పెర్సీ పిల్చర్ ఉన్నారు. ప్రపంచంలో వరసగా తయారై అమ్ముడుపోయిన తొలి విమాన యంత్రం అదేనంటారు. పిల్చర్ అయితే బెర్లిన్ వచ్చి ఆయన దగ్గరే మెళకువలు నేర్చుకుని వెళ్లాడు.

1895లో ఒకదాని మీద ఒకటి రెండు రెక్కలుండే గ్లైడర్లు చేశారు. గాలి గట్టిగా ఉన్నప్పుడు ఇవి బాగా లేచేవి. పక్షిలా రెక్కలు ఆడించే చిన్న ఇంజిను మీదా పని చేశారు. అది ఫలించలేదు. పక్షిని గురువుగా పెట్టుకున్న మనిషి కదా, రెక్కలు ఆడించడం అన్న ఆలోచనను మాత్రం చివరి దాకా వదులుకోలేకపోయారు.

ఆ ఆదివారం...

1896 ఆగస్టు 9. ఆదివారం. ఎప్పటిలాగే రైనో ప్రాంతానికి వెళ్లారు. స్టోల్న్ గ్రామం పక్కన గోలెన్‌బర్గ్ కొండ. వెంట మెకానిక్ పాల్ బెయ్‌లిష్ ఉన్నాడు. వేసవి మధ్యాహ్నం, మంచి ఎండ. నేల కాగి వేడిగాలి అక్కడక్కడా పైకి తన్నుతోంది.

గాలిలో ఉండగా ఒక్కసారిగా ఎదురుదెబ్బ తగిలినట్టు గ్లైడర్ ముందు భాగం పైకి లేచి ఆగిపోయింది. కాళ్లు ముందుకు విసిరి కిందికి వంచడానికి ఆయన ప్రయత్నించారు. వీలు కాలేదు. ముందు భాగం మరీ పైకి లేస్తే రెక్క పైభాగాన్ని అంటిపెట్టుకుని పారే గాలి విడిపోతుంది. ఎత్తే బలం ఒక్కసారిగా పడిపోతుంది. దాన్నే ఇప్పుడు పైలట్లు స్టాల్ అంటారు. గ్లైడర్ సుమారు 15 మీటర్ల ఎత్తు నుంచి నేల మీద పడింది. తన ఇంటి దగ్గర పోయించుకున్న దిబ్బ ఎత్తు ఎంతో, సరిగ్గా అంతే ఎత్తు!

మెడ దగ్గర వెన్నెముక విరిగింది. మొదట స్పృహలోనే ఉన్నారు. ఆ తర్వాత స్పృహ తప్పింది. మర్నాడు రైల్లో బెర్లిన్ తరలించి, పేరున్న సర్జన్ బెర్గ్‌మన్ ఆస్పత్రిలో చేర్చారు. లాభం లేకపోయింది. ఆ రోజే, ఆగస్టు 10న, ప్రాణం పోయింది. బెర్లిన్‌లోని లాంక్‌విట్జ్ శ్మశానంలో సమాధి చేశారు. ఆగ్నెస్‌కి, నలుగురు పిల్లలకి మిగిలింది కార్ఖానా, రెక్కలు, కాగితాలు.

అంత అనుభవం ఉన్న మనిషి ఎందుకు పడిపోయారు? రెక్కల్లో లోపమా? 2016లో జర్మనీ అంతరిక్ష కేంద్రం శాస్త్రవేత్తలు పాత నక్షాల ప్రకారం అదే గ్లైడర్‌ను మళ్లీ తయారు చేసి గాలి సొరంగంలో పరీక్షించారు. అది నిలకడగానే ఎగురుతుందని తేలింది. చిక్కంతా అదుపులో ఉంది. చేతులు చట్రంలో ఇరుక్కుని, నడుము కింద భాగం మాత్రమే కదిలించగలిగితే ఎంత బరువని పక్కకు జరపగలం? మామూలు గాలికి అది చాలు. గట్టి దెబ్బకు చాలదు. రెండు వేల సార్లు చాలింది, ఆ ఒక్కసారి చాలలేదు.

ఆగిన చోటి నుంచే...

మూడేళ్లకు, 1899లో, శిష్యుడు పిల్చర్ కూడా గ్లైడర్ కూలి చనిపోయాడు. ఇంకేముంది, ఈ పిచ్చి ఇక్కడితో ముగిసిందనుకున్నారు చాలామంది.

అమెరికాలోని డేటన్‌లో సైకిళ్ల దుకాణం నడుపుకునే ఇద్దరు అన్నదమ్ములు మాత్రం లిలియంతాల్ మరణవార్త చదివి ఇంకోలా ఆలోచించారు. రెక్క ఉంది, గాలి లెక్కా ఉంది. లేనిది అదుపు. దాన్ని సాధిస్తే చాలు. విల్బర్, ఆర్విల్ రైట్‌లు అక్కడ మొదలుపెట్టారు. ఒంటిని ఊపే బదులు రెక్కల చివర్లనే మెలితిప్పి గ్లైడర్‌ను వాల్చే ఉపాయం కనిపెట్టారు. ముందు భాగాన్ని ఎత్తడానికీ, దించడానికీ విడిగా చిన్న రెక్క పెట్టారు.

లిలియంతాల్ పట్టికలనే తీసుకుని 1901లో గ్లైడర్ చేస్తే, అది లెక్క ప్రకారం లేవలేదు. పట్టికలు తప్పేమో అని మొదట అనుమానించారు. ఆ చలికాలం సొంతంగా గాలి సొరంగం చేసుకుని, వందల రకాల చిన్న రెక్కలను కొలిచారు. చూస్తే ప్రధానమైన తప్పు లిలియంతాల్‌ది కాదు. ఆయనకు ముందు వందేళ్లకు పైగా అందరూ వాడుతూ వచ్చిన ఒక పాత అంకె తప్పు! ఆయన కొలిచిన రెక్క ఆకారానికి ఆయన పట్టికలు దాదాపు సరిగ్గానే ఉన్నాయి. ఒక మనిషి చేసిన పనిని ఇంకొకరు సరిచూడగలిగారంటే, ఆ మొదటివాడు దాచుకోకుండా రాసిపెట్టబట్టే కదా!

1902లో వాళ్లూ గుట్టల మీంచి వందల సార్లు గ్లైడర్‌తో దూకి సాధన చేశారు. ఆ తర్వాతే ఇంజిను పెట్టారు. 1903 డిసెంబరు 17న తొలి విమానం గాలిలో ఉన్నది 12 సెకన్లు. లిలియంతాల్ సగటు కంటే మూడు సెకన్లు ఎక్కువ!

మద్రాసు ఆకాశంలో

ఆ గాలి మన మద్రాసుకు రావడానికి ఎంతో కాలం పట్టలేదు. రైట్ సోదరులు ఎగిరిన ఏడేళ్లకే, 1910 మార్చిలో, మౌంట్ రోడ్డులో హోటల్ నడిపే డి ఏంజెలిస్ అనే ఆయన తన సొంత నమూనాతో రెండంతస్తుల రెక్కల విమానం చేయించి పల్లావరంలో ఎగరేశారు. తయారు చేసింది ఊళ్లోని సింప్సన్ కంపెనీవారే. బండ్లు చేసే కార్ఖానాలో విమానం! ఆ తర్వాత ఐలాండ్ గ్రౌండ్స్‌లో జనానికి ప్రదర్శన ఇచ్చారు. దేశంలో తొలి విమాన ప్రయత్నాల్లో దానిది ముందు వరస.

ఆ పల్లావరం పక్కనే క్రోంపేటలో 1949లో మద్రాస్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ టెక్నాలజీ వెలసింది. విమాన ఇంజినీరింగ్ అక్కడ మొదటి నుంచీ ఉన్న చదువు. రామేశ్వరం కుర్రాడు అబ్దుల్ కలాం ఆ చదువు చదివింది ఇక్కడే. ఆయన తర్వాతి జీవితం మన సరిహద్దులోని శ్రీహరికోటతో ఎలా ముడిపడిందో వేరే చెప్పక్కర్లేదు.

గ్లైడర్ల తయారీలోనూ మనదేశం వెనకబడలేదు. ఢిల్లీలోని పౌర విమానయాన శాఖ సాంకేతిక కేంద్రం స్వదేశీ గ్లైడర్లు రూపొందించి వాటికి మన నక్షత్రాల పేర్లు పెట్టింది. 1958లో అశ్విని ఎగిరింది. 1961లో రోహిణి. 1963లో కృత్తిక పేరు మీద కార్తీక్. ఆ వరసలోనే భరణి, ఆర్ద్ర కూడా వచ్చాయి. పంచాంగం తిరగేసే మనవాళ్లకు ఇట్టే గుర్తుండిపోయే పేర్లు!

ఊరు మర్చిపోలేదు

జర్మనీలో ఆయన పుట్టిన అంక్లాంలో ఆయన పేరుతో మ్యూజియం ఉంది. లిష్టర్‌ఫెల్డ్ దిబ్బను 1932లో స్మారకంగా తీర్చిదిద్దారు. బెర్లిన్‌లోని టెగెల్ విమానాశ్రయానికి ఆయన పేరే పెట్టారు. 2020 నవంబరులో ఆ విమానాశ్రయం మూతపడింది.

అన్నిటికంటే వింత స్టోల్న్‌లో జరిగింది. 1989 అక్టోబరు 23న నాలుగు ఇంజిన్ల పెద్ద ప్రయాణికుల విమానం ఇల్యూషిన్-62ను ఆ పల్లెటూరి పచ్చిక మీద దించారు. కిలోమీటరు కూడా లేని గడ్డి నేల అది. అంత పెద్ద విమానానికి ఏమాత్రం చాలని చోటు. పైలట్ క్షేమంగా దింపాడు. ఆ విమానం మళ్లీ లేవలేదు. లిలియంతాల్ ఆఖరిసారి దూకిన కొండ పక్కనే స్మారకంగా నిలబడింది. దానికి పెట్టిన పేరు లేడీ ఆగ్నెస్. ఆదివారం ఆదివారం భర్త రెక్కలు కట్టుకుని వెళుతుంటే ఇల్లూ పిల్లలనూ చూసుకుంటూ ఎదురుచూసిన ఇల్లాలి పేరు.

ఇప్పుడు హ్యాంగ్ గ్లైడింగ్ నేర్చుకునేవాళ్లకు మోచేతులు చట్రంలో ఇరికించుకునే బాధ లేదు. పట్టీకి వేలాడుతూ ఒళ్లంతా జరపొచ్చు. తలకు హెల్మెట్ ఉంటుంది, వెంట ప్యారాచూట్ ఉంటుంది. అవన్నీ పడినవాళ్లు నేర్పిన జాగ్రత్తలు. కానీ శిక్షకుడు మొదటి రోజు చేయించే పని మాత్రం మారలేదు. చిన్న మిట్ట మీదికి తీసుకెళ్లి, గాలి ఎటు నుంచి వస్తోందో చూడమంటాడు. దానికి ఎదురుగా పరుగెత్తమంటాడు. పెరట్లో మీటరు ఎత్తు బల్ల వేసుకున్న బాయిలర్ల ఇంజినీరు మొదలుపెట్టిన పాఠమే అది.